తిరుగురాక ధ్రువీకరణ

సంచీలో ముందు ల్యాప్‌టాప్ పెట్టాను. దానిమీద దుప్పటి, దుప్పటిమీద వైర్ల ఉండ, ఆ ఉండ మధ్యలో మాగాయ సీసా. మా మనవరాలు కెంపు వచ్చి చూసి సీసా తీసి బయట పెట్టింది. అది అటు తిరగ్గానే నేను మళ్ళీ లోపల పెట్టాను.

"అమ్మమ్మా, నూనె కారిందంటే నా పాటంతా పోద్ది."

"కారదే. మూడు కవర్లు చుట్టేను."

"ఎల్లేది ఒక్కరోజుకి. మాగాయి దేనికి?"

"ఒక్కరోజుకని ఎల్లినోళ్ళని శానామందిని చూసేను."

కెంపు దుప్పటి ఇంకో మడత వేసి సీసాకి దన్నుగా పెట్టింది.

ప్రయాణమంటే నాకు భయం. నాదే కానక్కర్లేదు, ఎవరిదైనా సరే. ఎదురింటివాళ్ళు సంచీ పట్టుకుని వీధిలోకి వస్తే, తుమ్ము రాకుండా నేను కిటికీ దగ్గర ముక్కు పట్టుకుని నిలబడతాను. ఎక్కడికి అని అడగను. అడిగితే వెళ్ళిన పని చెడుతుందంటారు. అడక్కుండా ఉండలేను కూడా. కాబట్టి వాళ్ళు మలుపు తిరిగాక వాళ్ళింటికి వెళ్ళి, ఉన్నవాళ్ళని అడుగుతాను.

కెంపు చేసే పని ఏమిటో నలుగురికీ చెప్పడం నాకు చాలాకాలం చేతకాలేదు. అది పాడదు, వాయించదు. పాత టేపుల్లో మాటలు తీసి కంప్యూటర్లో వేసి, సాగదీసి, ఒకదానిమీద ఒకటి పరిచి, తెల్లవారుజామున కాలవమీద మంచు పట్టినట్టు చేస్తుంది. దాన్ని యాంబియంట్ అంటారట. దరువు ఉండదు, చరణం ఉండదు. ఎక్కడ మొదలైందో తెలియదు, ఆగిపోయాక మాత్రం ఇల్లు బోసిగా ఉంటుంది. పక్కింటి వీర్రాజు మొదటిసారి విని, "ఇది పాటంటావా, ఫ్యాను పాడైందంటావా?" అన్నాడు. రెండోసారి విని కండువాతో కళ్ళు తుడుచుకుని, "ఫ్యానే" అన్నాడు.

మాది కోనసీమలో కాలవ గట్టున ఒక వాడ. సగంమంది ఎప్పుడో ఒకప్పుడు మస్కట్టో, కువైట్టో, దోహానో వెళ్ళినవాళ్ళే. అందరికన్న ముందు వెళ్ళొచ్చిన వీర్రాజు ఒక టేపురికార్డరు తెచ్చాడు. దాంతో మాకొక ఆనవాయితీ పడింది. వెళ్ళేవాళ్ళు గడప దిగేముందు టేపులో నాలుగు మాటలు చెప్పి వెళ్ళాలి, చంటిపిల్లలు గొంతు మరిచిపోకుండా. ఏ టేపు విన్నా ఒకటే వరస. ముందు దగ్గు. తరవాత "ఇది తిరుగుతుందా?" అన్న అనుమానం. తరవాత ఆవు గురించీ, అత్తగారి గురించీ జాగ్రత్తలు. చివర "ఎల్లొస్తా."

కెంపు ఇల్లిల్లూ తిరిగి ఆ టేపులు పోగేసింది. ఆవునీ అత్తగారినీ కత్తిరించి, ఆ చివరి మాట ఒక్కటీ ఉంచింది. మొత్తం ఇరవై మూడు గొంతులు. పాటకి 'గుమ్మం దగ్గర' అని పేరు పెట్టింది.

ఆ ఏడాదిని ప్రభుత్వం జ్ఞాపకాల సంవత్సరంగా ప్రకటించింది. అంతకుముందు ఏడు మునగాకు సంవత్సరం. మునగాకు ఏడాదిలో అందరూ మునగచెట్లు నాటి ఫొటోలు దిగినట్టే, జ్ఞాపకాల ఏడాదిలో అందరూ పాత వస్తువుల పక్కన దిగారు. ఆఫీసుల ముందు ఇసుర్రాళ్ళు పెట్టారు. జనం తిప్పి పాడుచేయకుండా ఒక్కో ఇసుర్రాయికీ ఒక్కో కానిస్టేబుల్ని కాపలా పెట్టారు. పెద్ద ఊళ్ళో జ్ఞాపకాల సంబరం జరుగుతుందనీ, పాత శబ్దాలతో సంగీతం చేసేవాళ్ళు అక్కడ వినిపించవచ్చనీ కబురొచ్చింది. అయితే ముందు రాష్ట్ర స్మృతి శబ్ద ప్రామాణిక మండలి వారి ఆమోదం ఉండాలి. 'శబ్దములకు బాధ్యులగు పెద్దలు ఒకరు వెంట రావలెను' అని కూడా ఉంది. అందుకని మాగాయతో సహా నేనూ బయల్దేరాను.

మండలి ఆఫీసు చల్లగా ఉంది. డైరెక్టరు చక్రధరరావు గారు మనిషి మంచివాడే, మాట మాత్రం గెజిట్లోంచి వచ్చినట్టుంటుంది. ఆయన పక్కన సూపరింటెండెంటు వినోదిని గారు ఒక చిన్న త్రాసు పెట్టుకుని కూర్చుంది. నగల కొట్లో ఉండేలాంటి త్రాసు. దానిమీద ఒక చేతిరుమాలు తూచి, డైరెక్టరు గారికి ఇచ్చింది.

"ఇది ఆర్ద్రతా పరీక్ష," అని ఆయన వివరించారు. "ధ్వనికృతి విన్న పిదప రుమాలు బరువు పెరుగవలెను. పెరుగని యెడల అది జ్ఞాపకము కాదు, కేవలము చప్పుడు."

కెంపు పాట పెట్టింది. గొంతులు ఒక్కొక్కటే దూరంనుంచి వచ్చాయి, ఎల్లొస్తా, ఎల్లొస్తానమ్మా, ఎల్లొస్తానొరేయ్ అంటూ. డైరెక్టరు గారు మొదట కళ్ళజోడు తీశారు. తరవాత రుమాలు చాలక వినోదిని గారి కొంగు వైపు చూశారు. పాట అయ్యాక రుమాలు తూస్తే త్రాసు పళ్ళెం బల్లకి తగిలింది.

"హర్షము," అన్నారు ఆయన, ముక్కు చీదుకుని. "ఇక సత్యతా పరీక్ష."

"పాటకి సత్యమేంటండీ?" అంది కెంపు.

"నిరుడు ఒక కళాకారుడు పాత రేడియో వాతావరణ వార్తలతో సంగీతము చేసినాడు. అందు 'రేపు భారీ వర్షము' అని యున్నది. మరునాడు జనులు గొడుగులతో వచ్చిరి. వర్షము రాలేదు. గొడుగులు మరచిపోయిరి. నేటికిని మా స్టోరులో మూడు వందల గొడుగులు గలవు. తదనంతరము అసత్య శబ్ద నిరోధక నియమావళి వచ్చినది. సదరు మీ పాటయందు ఇరవై ముగ్గురు వ్యక్తులు తిరిగి వచ్చెదమని హామీ ఇచ్చియున్నారు. నెరవేర్చిరా?"

"అందరూ అలాగే అంటారు కదండీ," అన్నాను నేను. "ఎల్తన్నాను అని ఎవరంటారు గుమ్మంలో? అపశకునం కాదూ?"

"శకునము మా పరిధి కాదమ్మా. వచ్చిరా, రాలేదా, అంతవరకే మా పరిధి."

వినోదిని గారు కంప్యూటరు తెర మావైపు తిప్పింది. ప్రతి గొంతుకీ ఎదురుగా రెండు గడులు ఉన్నాయి. ఒకదానిలో 'వచ్చిరి', రెండోదానిలో 'రాలేదు.'

నేను చదువు బళ్ళో నేర్చుకోలేదు. కిరాణా పొట్లాల కాగితాలమీద నేర్చుకున్నాను. అందుకని ఏది చదివినా కింద ఇంకా ఏదో ఉంటుందని వెతకడం అలవాటు. తెర కిందదాకా చూశాను. ఇంకేమీ లేదు.

"ఇంకా రాలేదు అని ఒక గడి ఉండాలి కదండీ?"

"'ఇంకా' అనునది కాలపరిమితి లేని పదము," అంది వినోదిని గారు. "ఆడిట్‌లో నిలవదండి."

ఇరవై రెండు గొంతుల సంగతి నాకు బెంగ లేదు. ఇరవై మూడోది మా చెల్లెలు పగడాలుది. మొగుడు పోయాక మస్కట్లో ఒక ఇంట్లో వంటపనికి వెళ్ళింది. రెండేళ్ళపాటు ఉత్తరాలు రాసింది. తరవాత ఆ ఇంటివాళ్ళు ఇల్లు మారారన్నారు, ఊరు మారారన్నారు, ఆ తరవాత చెప్పేవాళ్ళే లేరు. ఎవరడిగినా నేను "ఇంకా రాలేదండీ" అంటాను. పెద్దల అమావాస్యకి దాని పేరు కలపమని మా వాళ్ళెంత చెప్పినా కలపనివ్వలేదు. 'ఇంకా' లేకుండా ఒట్టి 'రాలేదు' అన్న మాట నా నోటినుంచి ఏనాడూ రాలేదు.

డైరెక్టరు గారు దయతోనే చెప్పారు. "రాని పక్షమున రెండు మార్గములు గలవు. ఆ గొంతు తొలగించుట ఒకటి. రెండవది, సంబంధీకులు స్వయముగా, 'ఫలానా వ్యక్తి ఫలానా నాడు వెళ్ళెను, తిరిగి రాలేదు' అని పలికి, సదరు పలుకును పాటకు ముందుగానీ తరువాతగానీ జనులకు వినిపించుట. సినిమాలో సిగరెట్టు కనబడిన యెడల హెచ్చరిక వేయుదురు కదా, అటువంటిదే."

సంబరానికి టైముంది కాబట్టి ఆలోచించుకుని రమ్మన్నారు.

తిరుగు బస్సులో కెంపుని అడిగాను. "తీసెయ్యొచ్చు కదే? ఒక్క మాటే కదా. ఎవరికి తెలుస్తాది?"

"తియ్యడం కుదరదమ్మమ్మా. పాటంతా కింద ఒక గాలిలాగ ఇనపడతాది చూడు, అది గాలి కాదు. చినమ్మమ్మ 'ఎల్లొస్తానక్కా' అంది కదా. ఆ చివర 'అక్కా'ని సాగదీసి పరిచేను. మిగతా ఇరవై రెండూ దానిమీదే నిలబడ్డాయి. తీస్తే ఇంకేం లేదు."

"అంత పొడుగు సాగిందా అది?"

"ఎంతైనా సాగుద్ది."

కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాను. కెంపే మళ్ళీ అంది. "నువ్వు చెప్పకపోతే చెప్పకులే. నేను సంబరానికి ఎల్లను. ఇంట్లోనే ఇనుకుంటాం."

ఆ మాటకి నాకు సంతోషం వేసింది. వెంటనే, ఎందుకు వేసిందా అని సిగ్గు కూడా వేసింది.

*

వచ్చినవాళ్ళు నిజంగా వచ్చారో లేదో చూడడానికి వినోదిని గారు మా వాడకి విచారణకి వచ్చింది. మొదట వీర్రాజు ఇంటికి వెళ్ళింది. వీర్రాజు అరుగుమీద కూర్చుని చుట్ట చుట్టుకుంటున్నాడు.

"మీరు తిరిగి వచ్చారాండీ?"

"ఎదురుగా ఉన్నాను కదమ్మా!"

"ఎన్నిసార్లు వెళ్ళారు?"

"దోహా ఆరుసార్లు."

"టేపులో ఉన్నది ఏసారి వెళ్ళినప్పటిది? ఆసారి వెళ్ళాక తిరిగి వచ్చింది ఎప్పుడు?"

వీర్రాజు చుట్ట పక్కన పెట్టి వేళ్ళు లెక్కపెట్టాడు. అతనికి వెళ్ళిన సార్లు గుర్తున్నాయి, వచ్చిన సార్లు గుర్తులేవు. రాక అంటే ఏముంది, సబ్బులు పంచడం, నిద్రపోవడం. లోపల్నించి అతని భార్య సత్తెమ్మ చేయి తుడుచుకుంటూ వచ్చింది.

"ఆయన రాలేదని రాసుకోండమ్మా."

"అదేంటే, నేనిక్కడుండగా?"

"ఎల్లినోడు సన్నంగా, మీసాలతో, నన్ను సైకిలెక్కించుకుని సినిమాకి తీసుకెళ్ళేవోడు. వచ్చినోడు పప్పులో ఉప్పు లేదంటాడు, బీపీ బిళ్ళలు మింగుతాడు. ఆడు ఈడు కాదు. ఎవణ్ణో పంపేరు."

వినోదిని గారు 'వచ్చిరి' గడిలోనే టిక్కు పెట్టి, పక్కన 'గుర్తింపు సందేహాస్పదము' అని చేర్చింది. వీర్రాజు రెండ్రోజులు అన్నం సరిగ్గా తినలేదు. మూడో రోజు పాత సైకిల్ దింపి తుడిచాడు.

నాలుగో ఇంట్లో కొంచెం ఇబ్బంది వచ్చింది. ఆ ఇంటాయన కువైట్ వెళ్ళాడు, వచ్చాడు, కానీ పెట్టెలో వచ్చాడు. వినోదిని గారు ఫోన్లో డైరెక్టరు గారిని అడిగింది. అరగంట ఆలోచించి ఆయన, "'వచ్చిరి, స్వయముగా కాదు' అని వ్రాయుము" అన్నారు. ఆ ఇంటి ముసలమ్మ అది చదివించుకుని, "బాగా రాసేరు, తల్లీ. ఎప్పుడూ అంతే, ఏ పనీ సొంతంగా చేసుకునేవోడు కాదు," అని మజ్జిగిచ్చింది.

ఇలా ఇంటింటా చూసుకుంటూ పోయాక వినోదిని గారికి ఒక సంగతి అర్థమైంది. జనం తేదీ తెలియకుండానే వస్తామనేస్తున్నారు. సంతకని వెళ్ళి సాయంత్రం వచ్చేవాడూ, దోహాకని వెళ్ళి ఆరేళ్ళకి వచ్చేవాడూ ఒకటే మాట అంటున్నారు. ఆమె పైకి నివేదించింది. పైనుంచి సర్క్యులరు దిగింది. ప్రయోగాత్మకంగా మా వాడలోనూ, మండలి ఆఫీసులోనూ అమలన్నారు.

'గృహ ద్వారముల వద్ద తిరుగురాక హామీ ఇచ్చు ప్రతి వ్యక్తియు తేదీ, సమయము విధిగా తెలుపవలెను. తెలుపజాలని వారు వెళ్ళుచున్నాను, రాక అనిశ్చితము అని మాత్రమే పలుకవలెను.'

వీధి మొగలో వినోదిని గారికి ఒక కుర్చీ, గొడుగు వేశారు. గొడుగు స్టోరులోదే.

మొదటి రోజు వీర్రాజు చుట్టలకి బయల్దేరాడు. "సత్తెమ్మా, ఎల్లొస్తానే," అన్నాడు.

"ఎన్ని గంటలకండీ?" అంది వినోదిని గారు.

"చుట్టలకమ్మా! కొట్టుకాడ ఎవడు కనపడతాడో, ఎంతసేపు కూకుంటానో!"

"అయితే 'రాక అనిశ్చితము' అనండి."

సత్తెమ్మ గరిటెతో గుమ్మంలోకి వచ్చింది. "అను చూద్దాం ఆ మాట. అంటే మాత్రం ఇంక రాకు." వీర్రాజు చెప్పులు విప్పి లోపలికి వెళ్ళిపోయాడు. అలా అతని చుట్టలు మానిపోయాయి. ఆస్పత్రి డాక్టరు ఇరవయ్యేళ్ళుగా చెప్పి చేయలేని పని అది.

రెండో రోజుకి వాడలో ఎవరూ గడప దిగలేదు. 'రాక అనిశ్చితము' అని పిల్లాడిచేత ఏ తల్లి అనిపిస్తుంది? బడికి సెలవు. మగవాళ్ళు పనులకి పోలేదు. బస్సు వచ్చి, హారన్ కొట్టి, ఖాళీగా పోయింది. ఒక్క చావింట్లో మాత్రం ఇబ్బంది లేదు. అక్కణ్ణించి వచ్చేటప్పుడు మేం ఎప్పుడూ వెళ్ళొస్తామని చెప్పం, చెప్పకుండానే లేచి వస్తాం. చావింటికి బయల్దేరేటప్పుడు కూడా చెప్పం. కాబట్టి ఆ వారం కాలు కదపాలనుకున్నవాళ్ళందరూ, ముఖపరిచయం లేకపోయినా, చావులు వెతుక్కుని వెళ్ళారు. పై ఊళ్ళో ఒక పెద్దాయన పోతే మా వాడనుంచి నూట యాభైమంది వెళ్ళారు. ఆ ఇంటివాళ్ళు ఆయనకి ఇంత పలుకుబడి ఉందా అని ఆశ్చర్యపోయారు.

నాకు మాత్రం ఆ వారం ప్రాణం హాయిగా ఉంది. దాచడమెందుకు? పొద్దున లేచి చూస్తే అందరూ ఉన్నారు. సాయంత్రం చూస్తే అందరూ ఉన్నారు. కిటికీ దగ్గర ముక్కు పట్టుకోవలసిన పని లేదు. ప్రభుత్వం ఒక మంచి పని చేసిందని మొదటిసారి అనిపించింది. కెంపు కూడా చెవులకి పాటలు వినే ఆ డిప్పలు తగిలించుకుని ఇంట్లోనే కూర్చుంది. ఎదురుగా కూర్చుని నేను బియ్యంలో రాళ్ళేరుతూ దాన్ని చూసుకున్నాను. అది మాత్రం నన్ను చూడలేదు. గోడవైపు చూస్తోంది. పాట పెట్టుకున్నావా అని అడిగితే, "లేదు, ఊరికే పెట్టుకున్నాను," అంది.

*

శనివారం నాడు వీర్రాజు మనవరాలు చామంతి అత్తారింటికి వెళ్ళాలి. పెళ్ళికొడుకు వాళ్ళు పొద్దున్నే కారు తెచ్చారు. సారె సర్దారు. అప్పగింతలు అయ్యాయి. ఏడుపులు అయ్యాయి. పిల్ల గడపమీద నిలబడి, "ఎల్లొస్తాను తాతా," అంది.

వీధి మొగనుంచి వినోదిని గారు గొడుగుతో సహా వచ్చింది. "తేదీ చెప్పాలమ్మా."

అందరూ చామంతి వైపు చూశారు. చామంతి పెళ్ళికొడుకు వైపు చూసింది. పెళ్ళికొడుకు వాళ్ళమ్మ వైపు చూశాడు. ఆమె, "ఆషాఢానికి పంపుతాం," అంది. సత్తెమ్మ, "ఆషాఢం దాకానా? నాగులచవితికి పంపరా?" అంది. ఆమె, "నాగులచవితి ఆషాఢం తరవాతండీ!" అంది. "అదే, దానికీ పంపండి, దీనికీ పంపండి," అంది సత్తెమ్మ. మాట మాట పెరిగింది. తేదీ కుదరకపోతే రెండో మాట అనాలి. పెళ్ళికూతురు పుట్టింటి గడపమీద నిలబడి 'రాక అనిశ్చితము' అనడం మా వంశాల్లో ఎక్కడా లేదని రెండువైపులా పెద్దలు తేల్చారు. ఈ ఒక్క విషయంలోనే వియ్యంకులిద్దరూ ఏకమయ్యారు.

మధ్యాహ్నమైంది. సారె లడ్డూలకి చీమలు పట్టాయి. కారు డ్రైవరు సీటు వెనక్కి వాల్చుకుని పడుకున్నాడు. చామంతి అలాగే గడపమీద నిలబడి ఉంది. లోపలికి వెళ్ళడానికి లేదు, అప్పగించేశారు. బయటికి వెళ్ళడానికి లేదు, సర్క్యులరు.

"ఎవరో ఒకరు నన్ను పంపండే బాబూ!" అని అరిచింది చివరికి. "కాళ్ళు పీకుతున్నాయి!"

నేను ఎందుకు లేచానో నాకు తెలియదు. లేవడం మాత్రం లేచాను.

"నువ్వు ఎల్లొస్తానని చెప్పి ఎల్లవే, చామంతీ," అన్నాను. "తేదీ అక్కర్లేదు. పూచీ నాది."

వినోదిని గారు నావైపు తిరిగింది. నెమ్మదిగానే అడిగింది. "రాకపోతే, మామ్మగారూ?"

"రాకపోతే రాలేదని నేనే చెప్తాను."

అన్నాక నోరు మూసుకున్నాను. వినోదిని గారు గొడుగు ముడిచింది. ఆమెకి నన్ను బాధపెట్టాలని లేదు, కానీ ఆఫీసు మనిషి కదా, అడక్కుండా ఉండలేకపోయింది.

"మరి మీ చెల్లెలుగారి సంగతి?"

చామంతి కారెక్కింది. సత్తెమ్మ ఏడుస్తూనే లడ్డూల మీద చీమలు దులిపింది. కారు మలుపు తిరిగేదాకా నేను చూశాను. కంగారేసింది. ఎప్పుడూ వేసినట్టే వేసింది. అయినా ఆ పిల్ల కిటికీలోంచి చెయ్యి బయటపెట్టి ఊపుతుంటే, ఇంత సంతోషంగా ఉన్న మనిషిని పొద్దుటినుంచీ గడపమీద నిలబెట్టామా అనిపించింది.

ఇంట్లోకి వచ్చి కెంపు చెవులనుంచి ఆ డిప్పలు తీశాను. "పద, మండలికి ఎల్దాం," అన్నాను.

*

వినోదిని గారిని వెంటబెట్టుకుని మేం వెళ్ళేసరికి సాయంత్రం ఐదైంది. మండలి ఆఫీసు నిండా జనం. ఫైళ్ళు కట్టేసి, సంచులు భుజాన వేసుకుని, తలుపు దగ్గర వరసగా నిలబడి ఉన్నారు. వాళ్ళ ఆఫీసులోనూ సర్క్యులరు అమలు. తలుపు దగ్గర వాచ్‌మన్‌కి రేపు ఎన్నింటికి వచ్చేది చెప్పి కదలాలి. చెప్పిన టైముకి రాకపోతే అసత్యం కింద మెమో. ఆ ఆఫీసులో చెప్పిన టైముకి ఎవరూ ఎన్నడూ వచ్చి ఎరగరు. అందుకని నాలుగు రోజులుగా ఎవరూ ఇంటికి వెళ్ళలేదు. స్టోరులో గొడుగులు విప్పి, వాటి కింద పడుకుంటున్నారు. పెరట్లో ఎవరో పోపు పెడుతున్నారు. నా సంచీలోంచి మాగాయ సీసా తీసి ఇచ్చాను. గుమాస్తాలందరూ చుట్టూ మూగారు.

డైరెక్టరు గారు గడ్డం మాసి ఉన్నారు. ఆయన ఆ నాలుగు రోజుల కిందట ఇంట్లో బయల్దేరుతూ ఆరింటికి వస్తానని చెప్పారట. ఏ రోజు ఆరో చెప్పలేదు కాబట్టి ఇంకా తప్పలేదని ఆయన వాదన.

నన్ను ఒక చిన్న గదిలో మైకు ముందు కూర్చోబెట్టారు. గోడలకి దూది మెత్తలు. కెంపు ఎదురుగా కూర్చుని మీట నొక్కింది.

"మా చెల్లెలు పగడాలు ఇంకా రాలేదు," అన్నాను.

"'ఇంకా' వద్దమ్మా," అన్నారు డైరెక్టరు గారు తలుపు సందులోంచి.

మళ్ళీ చెప్పాను. మళ్ళీ 'ఇంకా' వచ్చింది. నాలిక చివర ఎక్కడో అంటుకుని ఉంది, నాతో పనిలేకుండా అదే వస్తోంది. మూడోసారీ వచ్చింది.

"నెమ్మదిగా, మామ్మగారూ," అంది వినోదిని గారు మంచినీళ్ళ గ్లాసు అందిస్తూ.

కెంపు నావైపు వంగి, ఎవరికీ వినపడకుండా అంది. "అమ్మమ్మా, ఆ ఒక్క మాటా నేను కత్తిరించేత్తాను. నాకది చిటికెలో పని. నువ్వు అనక్కర్లేదు. నువ్వన్నట్టే ఉంటాది."

అది ఎంత తేలికో నాకు తెలుసు. ఆవుల్నీ అత్తగార్లనీ కత్తిరించిన పిల్ల. ఇంటికి వెళ్ళాక కూడా నేను 'ఇంకా' అనుకుంటూనే ఉండవచ్చు.

"వద్దులే," అన్నాను. "అది కత్తిరిస్తే నువ్వన్నట్టు, నేనన్నట్టు కాదు. మీట నొక్కు."

నాలుగోసారి 'ఇంకా' లేకుండా మాట వచ్చింది. మాట అయ్యాక కెంపు చాలాసేపు మీట ఆపలేదు. తరవాత, "గది చప్పుడు కూడా కావాలి, అందుకు," అంది. కళ్ళు మాత్రం తుడుచుకుంది. ఆ రోజు ఎవరూ రుమాలు తూచలేదు.

*

సంబరం రోజున మా వాడంతా రెండు బస్సుల్లో వచ్చింది. వీర్రాజు, సత్తెమ్మ సైకిలు మీద వస్తామన్నారు గానీ వద్దని బస్సెక్కించాం. చామంతి అత్తారింటినుంచి మొగుణ్ణి తీసుకుని తిన్నగా అక్కడికే వచ్చింది. మైదానంలో ఎటు చూసినా ఇసుర్రాళ్ళు, కానిస్టేబుళ్ళు.

ముందుగా చక్రధరరావు గారు మాట్లాడారు. జ్ఞాపకమనునది జాతి సంపద అన్నారు, దానిని సత్యముతో తాళము వేసి భద్రపరచవలెనన్నారు. ఆయనకి వెంటనే మంత్రిగారి దగ్గరికి వెళ్ళాల్సిన పనుంది. పని ఎంతసేపో తెలియదు. వేల మంది చూస్తుండగా, తాను రాసిన సర్క్యులరుకి తానే మైకు ముందు నిలబడ్డారు.

"నేను వెళ్ళుచున్నాను," అన్నారు. "రాక అని..."

ముందు వరసలోంచి ఆయన తల్లిగారు లేచి నిలబడింది. చేతికర్ర ఎత్తింది. "ఒరేయ్ చక్రీ! ఇంకొక్క ముక్క అన్నావంటే!"

డైరెక్టరు గారు సర్క్యులరు వైపు చూశారు, కర్ర వైపు చూశారు.

"ఎల్లొస్తానమ్మా," అన్నారు చిన్నపిల్లాడిలాగ, మైకులోనే. మైదానమంతా చప్పట్లు కొట్టింది. వినోదిని గారు తేదీ అడగలేదు. అడగలేదన్న సంగతి మర్నాడు ఆఫీసులో అందరికీ తెలిసి, వాచ్‌మన్ కుర్చీ తలుపు దగ్గర్నించి తీసి చెట్టు కింద వేశారట. సర్క్యులరు రద్దయిందని ఎవరూ రాయలేదు. ఎవరూ పాటించడం లేదు, అంతే.

తరవాత దీపాలు తగ్గించారు. కెంపు వేదికమీద ల్యాప్‌టాప్ ముందు కూర్చుంది. నేను మా వాళ్ళ మధ్య కూర్చున్నాను. మొదట గాలిలాగ వచ్చింది. అది గాలి కాదని నాకు తెలుసు. దానిమీదికి ఒక్కొక్కరే వచ్చారు. వీర్రాజు తన గొంతు విని, "వీడెవడు, ఇంత కుర్రగా ఉన్నాడు?" అన్నాడు. "ఈడే," అంది సత్తెమ్మ. "ఎల్లినోడు ఈడే," అని అతని చెయ్యి పట్టుకుంది. పెట్టెలో వచ్చినాయన గొంతు వచ్చినప్పుడు వాళ్ళ ముసలమ్మ, "ఆ, ఎల్లు ఎల్లు," అంది. చుట్టూ నవ్వులు, ముక్కు చీదడాలు. చివరికి గొంతులన్నీ ఆగిపోయి, కింద పరిచింది ఒక్కటే మిగిలింది. అది నెమ్మదిగా దగ్గరికి ముడుచుకుంటూ వచ్చి ఒక మనిషి మాటంత అయింది.

"ఎల్లొస్తానక్కా."

హెచ్చరిక ముందు వేయాలా తరవాత వేయాలా అన్నది మండలి మా ఇష్టానికే వదిలేసింది. కెంపు దాన్ని చివర పెట్టింది. సాగదీయలేదు, దేనిమీదా పరవలేదు. మైదానంలో నా గొంతు ఉన్నది ఉన్నట్టుగా వినపడింది.

"నా పేరు వజ్రమ్మ. మా చెల్లెలు పగడాలు మస్కట్ ఎల్లింది. పంతొమ్మిదొందల ఎనభై ఏడు, శ్రావణమాసం, రెండో శుక్రవారం పొద్దున్న ఎల్లింది. అది తిరిగి రాలేదు."